అటు పన్నెండు, ఇటు పన్నెండు

నా చిన్నప్పుడు మా వైపు దూరాన్ని గంటల్లో చెప్పుకునేవాళ్ళం. రాయచూరు రెండున్నర గంటల నడక. పూనా పన్నెండు గంటల బండి. బెంగుళూరు కూడా పన్నెండు గంటల బండే. మైళ్ళు, కిలోమీటర్లు చదువుకున్నవాళ్ళ లెక్క. ఆ పన్నెండు అనే అంకె నాకు ఎక్కాలకంటే బాగా వచ్చేది, ఎందుకంటే ఒక ఏడాది మా అమ్మ ఆ పన్నెండు గంటలకు అవతల ఉండేది.

మాది చిక్కసూగూరు దగ్గర రెండెకరాల సేద్యం. వాన పడితే జొన్న, పడకపోతే గుళె. ఇంటికి తాళం వేసి, మేస్త్రీ వెంట ఊరు కాని ఊరికి కూలికి పోవడాన్ని మా దగ్గర గుళె పోవడం అంటారు. నేను ఆరో తరగతిలో ఉన్న ఏడాది వాన మొహం చాటేసింది. అమ్మా నాన్నా చంకలోని తమ్ముణ్ణి తీసుకుని పూనాలో ఇళ్ళు కట్టే పనికి పోయారు. నన్ను మాత్రం మా తాతయ్య తమ్ముడి దగ్గర వదిలారు. బడి మానేస్తే మళ్ళీ ఎక్కదని నాన్న భయం. "నువ్వన్న సదువుకో బిడ్డా" అని నా తల నిమిరి బండెక్కాడు. నాకు ఆ మాట చెవికెక్కలేదు. తమ్ముడు కావలసి వచ్చాడు, నేను అక్కర్లేకపోయాను, అంతే నాకు అర్థమైంది. ఆడపిల్లకు పదకొండేళ్ళు వస్తే కోపం కూడా పదకొండేళ్ళది వస్తుంది.

చిన్నతాత రైలు పట్టాల మీద చావీవాలా. పట్టాను కింది దిమ్మెలకు బిగించి పట్టుకునే ఇనుప చావీలు బండ్ల అదురుకు వదులవుతాయి. భుజాన సుత్తి వేసుకుని, రోజంతా పట్టాల వెంట నడుస్తూ, వదులైన చావీని దిగ్గొట్టడం, పట్టా ఎక్కడన్నా పగిలిందేమో చూడడం ఆయన ఉద్యోగం. పొద్దున రాయచూరు దిక్కు పోయి వచ్చేవాడు, మధ్యాహ్నం కృష్ణ ఏటి దిక్కు పోయి వచ్చేవాడు. ఆయన ఉండే ఒంటి గది క్వార్టరు సరిగ్గా నడుమ, ఎడ్ల బండ్లు పట్టాలు దాటే బాట పక్కన ఉండేది. ఆ చోటును అందరూ గేటు అనేవారు. గేటని పేరే కానీ అడ్డం పెట్టే కట్టె కూడా ఉండేది కాదు.

అక్కడ చుట్టూ ఊరు లేదు. బడి అరగంట నడక. బడి విడిచాక మిగతా పిల్లలు ఊళ్ళోకి గుంపుగా పోయేవారు, నేను పొలాల గట్టు మీద ఒక్కదాన్నే గేటుకు వచ్చేదాన్ని. వచ్చేసరికి తలుపుకు గొళ్ళెం ఉండేది. చిన్నతాత చీకటి పడేముందు వచ్చి, కాళ్ళు కడుక్కుని, తిని, బీడీ వెలిగించేవాడు. ఆయన భార్య పోయి చాలా ఏళ్ళయింది, పిల్లల్లేరు. మాట్లాడే అలవాటు పోయిన మనిషి. నన్ను ముద్దు చేయాలన్న ఆలోచన ఆయనకు రాలేదనుకుంటాను, వచ్చినా ఎలా చేయాలో తెలిసి ఉండదు. ఒక్కోసారి "తిన్నవా?" అనేవాడు. నేను తిన్నానని చెప్పేలోపు ఆయన కళ్ళు పట్టాల మీదికి పోయేవి.

అందుకని నేను తంతి కంబాలతో మాట్లాడేదాన్ని. పట్టాల వెంట వరసగా ఉండే ఆ కంబాలకు చెవి ఆనిస్తే లోపల జుమ్మని మోగేది. ఆ తీగలు పూనా దాకా పోతాయని ఎవరో చెప్పారు. అమ్మ అవతల ఏదన్నా అంటే ఇక్కడ వినబడుతుందని చెవి ఎర్రగా అయ్యేదాకా ఆనించి నిలబడేదాన్ని. వినబడలేదు. నాకు ఏడుపు వచ్చేది, ఏడ్చేదాన్ని. చూసేవాళ్ళు లేనిచోట ఏడుపు ఎక్కువసేపు రాదని కూడా అప్పుడే తెలిసింది.

ఆ రోజుల్లోనే మా కన్నడ బడి మేష్ట్రు సున్నాకు అవతల కూడా అంకెలు ఉంటాయని చెప్పాడు. నేల మీద చాక్‌పీసుతో పొడుగాటి గీత గీసి, నడుమ సున్నా పెట్టి, కుడి దిక్కు ఒకటి, రెండు, మూడు అని, ఎడమ దిక్కు మైనస్ ఒకటి, మైనస్ రెండు అని రాశాడు. ఎడమ దిక్కు పోయేకొద్దీ విలువ తక్కువ అన్నాడు. మైనస్ ఐదుకు ప్లస్ ఐదు కలిపితే సున్నా అన్నాడు. క్లాసులో ఎవరికీ ఎక్కలేదు, నాకు మాత్రం వెంటనే ఎక్కింది. ఎక్కకేం, నేను ఆ గీత మీదే కాపురం ఉంటున్నాను కదా. ఆ సాయంత్రమే సున్నం ముద్ద పట్టుకుని బయల్దేరాను. గేటు సున్నా. రాయచూరు దిక్కు కంబాల మీద ఒకటి నుంచి పన్నెండు దాకా రాశాను. ఏటి దిక్కు, అంటే పూనా దిక్కు, అమ్మావాళ్ళున్న దిక్కు కంబాలన్నిటికీ మైనస్ పెట్టాను. కోపంతోనే పెట్టాను. మీ విలువ తక్కువ పొండి అనుకుంటూ రాశాను.

చలికాలం ముగిసే రోజుల్లో, ఒక శనివారం, పూనా నుంచి జ్వరంతో తిరిగివచ్చిన మా ఊరి అన్న ఒకడు దారిలో గేటు దగ్గర ఆగాడు. నన్ను చూసి, "మీ అమ్మోళ్ళు సోమారం పొద్దుగాల బండికి ఇటే వస్తుండ్రు పిల్లా. మేస్త్రి పని మార్చిండు, బెంగుళూరన్నడు. పన్నెండు గంటలే గద. నిన్ను గేటు కాడ నిలవడమన్నది మీ అమ్మ" అని చెప్పి, నిలబడే ఓపిక లేక వెళ్ళిపోయాడు.

నాకు ఇటే వస్తుండ్రు అన్న మాట వినిపించింది, పన్నెండు గంటలు అన్న మాట వినిపించింది. బెంగుళూరు అన్న మాట కూడా వినిపించే ఉంటుంది, కానీ మనసు తనకు పనికిరానిదాన్ని పక్కన పెట్టేయడంలో మహా చురుకు. గదిలోకి పోయి బొగ్గుతో నేల మీద గీత గీశాను. పూనా మైనస్ పన్నెండు. అక్కడినుంచి ఇటు పన్నెండు గంటలు వస్తున్నారు. మైనస్ పన్నెండుకు పన్నెండు కలిపితే సున్నా. సున్నా అంటే మా గేటు. మళ్ళీ చేశాను, మళ్ళీ సున్నాయే వచ్చింది. అంతకుముందు ఏ లెక్క సరిగ్గా వచ్చినా నాకంత సంతోషం కలగలేదు.

ఆదివారం పొద్దున్నుంచీ రొట్టెలు చేశాను. మా దిక్కు జొన్నరొట్టెను పెనం మీద బాగా ఎండబెట్టి ఖడక్ చేస్తే వారం దాకా పాడవదు. నాన్నకు నాలుగు, అమ్మకు మూడు, నాకు రెండు, చిన్నతాతకు రెండు. తమ్ముడికి పళ్ళు లేవు కాబట్టి వాడికి లేదు. వాడికి లేదనుకోవడం కొంచెం హాయిగానే అనిపించిందని ఒప్పుకుంటాను. డబ్బాలో ఉన్న పిండి మా ఇద్దరికీ ఆ వారమంతటికీ రావలసింది. గీరి గీరి మొత్తం పదకొండు రొట్టెలు చేశాను. పుంటికూర ఉడకబెట్టాను. వేళ్ళు రెండు చోట్ల కాలాయి.

ఆ రోజు చిన్నతాత పెందలాడే వచ్చాడు. గుడ్డ మీద ఆరబెట్టిన రొట్టెలను చూశాడు, ఖాళీ డబ్బా చూశాడు. తిడతాడనుకున్నాను. "ఎవరొస్తున్నరే?" అన్నాడు. నేను నేల మీది బొగ్గు గీత చూపించి లెక్కంతా చెప్పాను. ఆయనకు చదువు రాదు, కానీ గీతను చాలాసేపు చూశాడు. జ్వరం మనిషి పట్టాల మీద ఆయన్ను కూడా కలిసి అసలు సంగతి చెప్పాడని అప్పటికి నాకు తెలియదు. చిన్నతాత తప్పని అనలేదు. సుత్తి మళ్ళీ భుజానికెత్తుకుని, "నడువ్ బిడ్డా, జర తిరిగొద్దాం" అన్నాడు. ఆయన నన్ను ఎక్కడికన్నా రమ్మనడం అదే మొదలు.

ఏటి దిక్కు నడిచాం. నేను రాసిన సున్నపు అంకెలు ఒక్కొక్కటే వెనక్కి పోయాయి. పన్నెండో కంబం దగ్గర ఆగి, "ఇది పూన అనుకో. నువ్వే బండివి. నడువు, కంబాలు లెక్కవెట్టు" అన్నాడు. నేను ఉత్సాహంగా తిరిగి నడిచాను, ఆయన వెనక వచ్చాడు. ఒకటి, రెండు, పది, పన్నెండు. గేటు వచ్చింది. నేను పట్టాలు దిగి గది వైపు మళ్ళాను. ఆయన మళ్ళలేదు. రాయచూరు దిక్కు నడుస్తూనే ఉన్నాడు.

"చిన్నతాతా, ఇల్లొచ్చింది" అని అరిచాను.

"బండి ఆగది బిడ్డా" అన్నాడు, వెనక్కి తిరగకుండా.

నాకు అప్పుడే తెలిసిపోయింది. అయినా ఆయన వెనక నడిచాను, ఎందుకంటే నిలబడితే ఇంకా బాగా తెలిసిపోతుందని భయం. పదమూడు, పద్నాలుగు అని నోరు దానంతట అదే లెక్కపెడుతోంది. అవతలి పన్నెండో కంబం దగ్గరికి వచ్చేసరికి ఇరవై నాలుగు అయింది. ఇది బెంగుళూరు అనుకో అని ఆయన చెప్పనవసరం లేకపోయింది. మేస్త్రీ కూలివాళ్ళను ఒక ఊరి నుంచి ఇంకో ఊరికి తీసుకుపోతున్నాడు. దారిలో మా గేటు ఉంది. అంతే.

"నీ లెక్కల ఎంతొచ్చిండె?" అని అడిగాడు.

సున్నా అన్నాను.

"నీ కాళ్ళను అడుగు, సున్నా నడిచినయా అని."

కంబం మొదలు దగ్గర కూలబడి ఏడ్చాను. అమ్మ పూనాలో ఉన్నప్పుడు పన్నెండు గంటలు, ఇంత దూరం వచ్చి, మా గుమ్మం ముందు నుంచే పోయి, మళ్ళీ పన్నెండు గంటలే. ఒక్క గంట కూడా దగ్గర కావడం లేదు. మైనస్ పోయి ప్లస్ వచ్చింది, అమ్మ మాత్రం అంతే దూరంలో ఉంది. చిన్నతాత పక్కన కూర్చుని బీడీ తీశాడు, వెలిగించలేదు. ఏడుపు అయ్యేదాకా ఉన్నాడు.

తిరిగి వచ్చేటప్పుడు ఆయన తన సంచిలోని రెండు ఎర్ర జెండాలు తీసి చూపించాడు. పట్టా పగిలిన చోటు కనబడితే ఆ జెండాలను సరిగ్గా అక్కడే పాతరట. అక్కడినుంచి కొలుచుకుని ఇటు ఒకటి, అటు ఒకటి దూరంగా పాతుతారట, వచ్చే బండి ఆగడానికి జాగా ఉండాలి కాబట్టి. "రాయచూరు దిక్కు ఇంత, ఏటి దిక్కు జర తక్కువ అని పెడ్తమా? బండి ఏ దిక్కుకెల్లి వస్తే ఏంది, ఆగేటందుకు అంతే జాగ గావాలె. దిక్కు దిక్కే, దూరం దూరమే" అన్నాడు. నేను సున్నంతో రాసిన మైనస్ గుర్తులను ఆయన రోజూ చూస్తూనే ఉన్నాడని, కోపంతో రాశానని కూడా ఎరుగునని అప్పుడు నాకు తట్టింది. సిగ్గేసింది.

అయినా మొండితనం పోలేదు. ఆగని బండి కోసం నేను నిలబడనన్నాను. వాళ్ళు నన్ను వదిలి పోయారు, చూడాలనుంటే వాళ్ళే దిగి రావాలి అన్నాను. చిన్నతాత నడుస్తూనే, "నీకు మీ అమ్మ ఎంత దూరముండె?" అన్నాడు. పన్నెండు గంటలన్నాను. "మరి మీ అమ్మకు నువ్వెంత దూరముంటివి?"

ఎంత తేలికైన ప్రశ్నో చూడండి. కానీ అన్ని నెలల్లో నేను దాన్ని ఒక్కసారి కూడా వేసుకోలేదు. కొలిచిందంతా గేటు దగ్గర కూర్చుని నా వైపు నుంచే కొలిచాను. అవతలి కొస దగ్గర కూడా ఒక మనిషి కూర్చుని అవే పన్నెండు గంటలు లెక్కపెడుతుందని, ఆమెకు అవి నాకంటే ఒక్క నిమిషం కూడా తక్కువ కావని నాకు తోచలేదు. అంతే అని మెల్లగా జవాబు చెప్పాను.

సోమవారం పొద్దున అమ్మ అల్లినట్టు జడ అల్లుకోవడానికి నాలుగుసార్లు ప్రయత్నించాను. రాయచూరు స్టేషనుకు పోదామా అంటే, ఆ మందిలో ఏ రైలు డబ్బా అని వెతుకుతావు, ఇక్కడైతే ఉండేది ఇద్దరమే, మీ అమ్మ గుర్తుపడుతుంది అన్నాడు చిన్నతాత. పైగా ఆ వారం మా గేటు దగ్గర పట్టాల కింద కంకర మార్చే పని జరుగుతోంది, బండ్లన్నీ మనిషి నడకంత మెల్లగా పోతున్నాయి. అది మా అదృష్టం. అయితే ఒక చిక్కు మిగిలింది. అమ్మ డబ్బాలో ఏ పక్క తలుపు దగ్గర ఉంటుంది? దానికీ ఆయన దగ్గర జెండాల ఉపాయమే ఉంది. తెలియనప్పుడు రెండు పక్కలా నిలబడాలి. పట్టాల నుంచి పది అడుగులు కొలిచి నన్ను ఈ పక్క నిలబెట్టాడు. దాటి పోయి, అటు పది అడుగులు కొలుచుకుని తను నిలబడ్డాడు.

బండి వచ్చింది. అంత మెల్లగా వచ్చే బండిని నేను అంతకుముందు చూడలేదు. తలుపుల్లో మనుషులు, కిటికీల్లో మొహాలు, ఎవరిదో పిల్లవాడి చెయ్యి. ప్రతి మొహం అమ్మదేమో అనిపించి, కాదని తేలేలోపు ఇంకోటి వచ్చేది. వచ్చే డబ్బాల మీదే చూపు పెట్టాను. ఒక్కటి కూడా తప్పిపోకూడదని కళ్ళార్పలేదు. డబ్బాలు తగ్గిపోతున్నాయి. చివరిది వచ్చింది, పోయింది. అమ్మ లేదు.

బండి దాటాక పట్టాలకు అవతల చిన్నతాత కనిపించాడు. చెయ్యి ఇంకా నా వైపు చాపే ఉంది, దించడం మరిచిపోయినట్టున్నాడు. మొహమంతా తడిసిపోయింది. ఆయన ఏడవగలడని నాకు తెలియదు. "సూసింది బిడ్డా, మీ అమ్మ ఇటు దిక్కే ఉండె. నువ్వు అటున్నవని సూపెట్టిన. లోపలికి ఉరికింది" అన్నాడు. బండి అప్పటికి చాలా దూరం పోయింది. తలుపులో నుంచి ఏదో చెయ్యి ఊగుతోంది. అది అమ్మదో కాదో చెప్పలేను, కానీ అది కనబడనంత దూరం పోయేదాకా నేనూ చెయ్యి ఊపాను.

రొట్టెలు మా ఇద్దరికీ ఆరు రోజులు వచ్చాయి. ఆ ఆరు రోజులూ చిన్నతాత తిన్న తరువాత నాతో కాసేపు మాట్లాడాడు. ఎక్కువేం కాదు, ఏ చావీ వదులైంది, ఎక్కడ పాము కనిపించింది, అంతే. ఆ తరువాత అది అలవాటైపోయింది.

తొలకరికి అమ్మావాళ్ళు ఇల్లు చేరారు. జడ వేస్తూ అమ్మ ఆ రోజు సంగతి చెప్పింది. ముసలాయన చెయ్యి చూపించగానే తమ్ముణ్ణి నాన్న చేతిలో పడేసి, కింద పడుకున్న మనుషులను తొక్కుకుంటూ, తిట్లు తింటూ నేనున్న పక్క తలుపు దగ్గరికి వచ్చిందట. అప్పటికే ఆమె డబ్బా నన్ను దాటిపోయింది. "నీ ఈపు కనవడ్డది, వంకర జడ కనవడ్డది. నువ్వు ఎనకొచ్చే డబ్బాల దిక్కు సూస్తుంటివి. పేరు వెట్టి ఎంత ఒర్రిన్నో బిడ్డా, ఎనక్కి మర్రి సూడకపోతివి" అంది. ఆమె చేతులు నా జుట్టులో ఆగిపోయాయి.

ఇప్పుడు యరమరస్‌లో కొడుకు దగ్గర ఉంటున్నాను. మొన్న మనవరాలు తన లెక్కల పుస్తకం తెచ్చి, అంకెకు అటొక నిలువు గీత, ఇటొక నిలువు గీత చూపించి, ఇదేంటి నానమ్మా అంది. మైనస్ పన్నెండైనా ప్లస్ పన్నెండైనా ఆ గీతల మధ్య పెడితే పన్నెండే అవుతుందట, సున్నా నుంచి ఎంత దూరమో అంతే చూడాలట. దాని పేరు పరమమూల్యమట. పుస్తకంవాళ్ళు ఒక్క వాక్యంలో చెప్పేశారు. మాకు పదకొండు రొట్టెల పిండి ఖర్చయిందని నవ్వాను. దానికి అర్థం కాలేదు, నేనూ వివరించలేదు.

అమ్మ పోయింది, చిన్నతాత అంతకు చాలా ముందే పోయాడు. ఆ రోజుతో నా ఒంటరితనం తీరిపోయిందని చెబితే అబద్ధమవుతుంది. నాలాంటివాళ్ళకు అది తీరేది కాదు. కాకపోతే ఎవరో నన్ను వదిలేసి దూరంగా ఉన్నారని మనసు కష్టపడ్డప్పుడు, నా దగ్గరి నుంచి కొలవడం ఆపి, వాళ్ళ దగ్గర నిలబడి నా దాకా కొలుస్తాను. ప్రతిసారీ అంతే వస్తుంది. అలా కొలిచాక ఫోను నేనే ముందు చేస్తాను. ఇక రైలు పట్టాల పక్కన ఎప్పుడు నిలబడ్డా నేను వచ్చే డబ్బాలను చూడను, దాటిపోయిన డబ్బా తలుపు దగ్గర ఎవరన్నా ఉన్నారేమోనని వెనక్కి తిరిగి చూస్తాను.